మీ ఇంటి గతమా, మీ ఊరి గతమా? దేనికి ఏ దారి

"మా పూర్వీకుల గురించి తెలుసుకోవాలనుంది, ఎక్కడ మొదలుపెట్టమంటారు?" అని అడిగేవాళ్లకు నేను ముందు ఎదురు ప్రశ్న వేస్తాను. మీకు కావలసింది ఇంటి సంగతా, ఊరి సంగతా? చాలామంది రెండూ అంటారు. అడగడంలో తప్పేం లేదు గానీ, రెండింటికీ దారి ఒకటి కాదు. గుట్ట మీదున్న రాకాసి గుళ్లు (ఇనుప యుగపు రాతి సమాధులు) మీ ముత్తాత పేరు చెప్పవు. నాయనమ్మ వరసపెట్టి చెప్పే పేర్లు ఊరు ఎప్పుడు పుట్టిందో చెప్పవు. రెవెన్యూ వాళ్ల పాత రిజిస్టర్లలో ఇల్లూ ఊరూ రెండూ కనిపిస్తాయి, కాకపోతే భూమి ఉన్నవాళ్ల గురించే అవి ఎక్కువ మాట్లాడతాయి.

అందుకని మూడు దారులనూ పక్కపక్కన పెట్టి చూద్దాం: ఇంట్లోవాళ్ల జ్ఞాపకం, పాత కాగితాలు, రాయీ మట్టీ. నా సలహా ముందే చెప్పేస్తాను. నూటికి తొంభై మంది ఈ వరసలోనే వెళ్లాలి. గుడి ముందు శాసనం చూసి ఉత్సాహపడి అక్కడ మొదలుపెట్టినవాళ్లు రెండు నెలల్లో విసిగిపోతారు. మినహాయింపులు ఉన్నాయి, వాటి సంగతి చివర్లో.

పెద్దవాళ్లను అడగడం

దీనికి ఖర్చు లేదు, ఎవరి అనుమతీ అక్కర్లేదు. ఉన్నదల్లా గడువు. కాగితం వచ్చే ఏడాదికీ ఉంటుంది, ఎనభై దాటిన మేనత్త ఉంటుందో లేదో చెప్పలేం. ఫోన్‌లో రికార్డింగ్ పెట్టుకుని కూర్చోండి. అయితే "మన వంశం గురించి చెప్పు అత్తా" అంటే ఆవిడ "ఏముందిరా చెప్పడానికి" అంటుంది. పెళ్లిళ్ల గురించి అడగండి. ఎవరి పిల్లను ఎవరికిచ్చారు, ఏ ఊరి నుంచి బండ్లు కట్టుకొచ్చారు, మేనరికమా బయటి సంబంధమా, ఇల్లరికం వచ్చిందెవరు, దత్తత పోయిందెవరు? ఈ లెక్కల్లో ఆడవాళ్లు దిట్టలు. మగవాళ్లు ఎక్కువగా పొలాలు, తగాదాలు గుర్తుపెట్టుకుంటారు. ఇద్దరినీ అడగాలి, వీలైతే విడివిడిగా.

వంశవృక్షం గీసేటప్పుడు కొడుకుల పేర్లే రాసి కూతుళ్లను వదిలేయడం మనవాళ్లకు మామూలు. మేనరికాలు చేసుకున్న కుటుంబాల్లో అలా గీసిన చెట్టు దేనికీ పనికిరాదు. ఒకే మనిషి ఒకవైపు మేనమామ, ఇంకోవైపు మామగారు అయినచోట ఆడవాళ్లను తీసేస్తే బంధుత్వం అర్థమే కాదు. ప్రతి కోడలి పుట్టింటి ఊరూ ఇంటిపేరూ రాసుకోండి. తర్వాత కాగితాల్లో మీ ఊరివాళ్లు దొరక్కపోయినా, ఆ ఊళ్లో దొరకవచ్చు.

తారీఖుల దగ్గర ఒక చిక్కు ఉంది. పెద్దవాళ్లు సంవత్సరాన్ని పేరుతో చెబుతారు. "మా తాత నందనలో పుట్టాడట" అంటే అది 1832 కావచ్చు, 1892 కావచ్చు, 1952 కూడా కావచ్చు. అరవై ఏళ్ల చక్రం కాబట్టి ఊరికే లెక్క కట్టకూడదు. పక్కన ఇంకో ఆధారం కావాలి. 1832-33లో గుంటూరు సీమను ఊడ్చేసిన కరువును నందన కరువు అనే అంటారు. 1876లో మొదలైన పెద్ద కరువు ధాత కరువు. పుట్టిన సంవత్సరంతోపాటు కరువు ప్రస్తావన వస్తే ఏ చక్రమో తేలిపోతుంది. హైదరాబాద్ వాళ్లయితే మూసీ వరదకు ముందా తర్వాతా అని అడగండి, అది 1908 సెప్టెంబర్ 28. తెలంగాణ పల్లెల్లో రజాకార్ల రోజులు, కృష్ణా దిగువన దివిసీమ ఉప్పెన (1977 నవంబర్ 19) మంచి గుర్తులు. "అప్పటికి నీకు పెళ్లయిందా?" అని అడిగితే వయసు దానంతటదే వస్తుంది.

తద్దినాలు పెట్టే ఇళ్లలో తండ్రి, తాత, ముత్తాతల పేర్లు పురోహితుడి దగ్గరే ఉంటాయి. పెళ్లిలో ప్రవర చెప్పేటప్పుడు కూడా రెండు వైపులా మూడేసి తరాలు చదువుతారు. పాత శుభలేఖలు పారేయకండి. ఇంటిపేరు మరో ఆనవాలు. మన ఇంటిపేర్లలో ఊరి పేర్లు లెక్కలేనన్ని. మీ ఇంటిపేరు ఒక ఊరి పేరైతే, మీవాళ్లు ఒకప్పుడు ఆ ఊళ్లో ఉండి బయటికి వచ్చి ఉండాలి. సొంత ఊళ్లో ఉన్నవాళ్లను ఆ ఊరి పేరుతో పిలవాల్సిన అవసరం ఎవరికీ రాదు. అదే పేరుతో నాలుగు జిల్లాల్లో నాలుగు ఊళ్లుంటాయి కాబట్టి తొందరపడకూడదు, అంతే.

చాలామంది మర్చిపోయే దారి ఒకటుంది. మన కులాలకు వంశాలు చెప్పే ఆశ్రిత కులాలు ఉన్నాయి. రెడ్లకు, కాపులకు పిచ్చిగుంట్లవారు, పద్మశాలీలకు కూనపులివారు, సాధనాశూరులు, మాదిగలకు డక్కలివారు, విశ్వబ్రాహ్మణులకు రుంజవారు, ముదిరాజులకు కాకిపడగలవారు, వైశ్యులకు వీరముష్టివారు. వీళ్లు ఏటా కాకపోయినా కొన్నేళ్లకోసారి తమ మిరాశీ (తరతరాల హక్కు ఉన్న) ఊళ్లకు వచ్చి, ఇంటింటా గోత్రాలు, పేర్లు చెప్పి కట్నం తీసుకుని వెళ్లేవారు. ఇప్పుడు రాకపోకలు తగ్గాయి. అలాంటివాళ్లు ఇంకా వచ్చే ఊరైతే అది అదృష్టమే. వాళ్లు చెప్పే దాంట్లో పురాణం పాలు ఎక్కువ, దగ్గరి తరాల పేర్లు మాత్రం చాలాసార్లు గట్టిగా ఉంటాయి. ముందు భాగం కథగా వినండి, చివరి నాలుగైదు తరాలు రాసుకుని కాగితాలతో సరిచూసుకోండి. కట్నం ఇవ్వడం మర్చిపోకండి. అది వాళ్ల వృత్తి, ఇంటర్వ్యూ కాదు.

హరిద్వార్ పండాల (తీర్థ పురోహితుల) పుస్తకాలకు పేరు ఎక్కువ గానీ అవి ప్రధానంగా ఉత్తరాది కుటుంబాలవి. తెలుగువాళ్లు గయ, కాశీ, ప్రయాగల్లో అడగడం మేలు. పెద్దవాళ్లెవరైనా గయలో పిండం పెట్టి వచ్చారంటే గయావళుల (అక్కడి పండాల) పుస్తకంలో ఊరు, పేర్లు దొరికే అవకాశం ఉంది. డీఎన్‌ఏ కిట్ల గురించి కూడా అడుగుతుంటారు. అవి వేల ఏళ్ల వలసల గురించి ఏదో చెబుతాయి, ముత్తాత ఊరు చెప్పవు. దూరపు బంధువు కూడా అదే కంపెనీలో పరీక్ష చేయించుకుని ఉంటే తప్ప ఆ డబ్బు ఈ పనికి దండగ.

ఈ దారి ఎంత దూరం వెళ్తుందంటే, మామూలు ఇంట్లో మూడు నాలుగు తరాలు, అంటే నూరు నూట ఇరవై ఏళ్లు. ఆపైన "మనం కాకతీయుల సేనానుల సంతతి" లాంటివి మొదలవుతాయి. మధ్యలో ఆరు వందల ఏళ్ల పేర్లు ఎక్కడ అని అడగండి. జవాబు రాకపోతే ఆ మాట పక్కన పెట్టేయండి.

పాత కాగితాలు

ఇక్కడ తెలంగాణ దారి వేరు, ఆంధ్ర దారి వేరు. అది తెలియకుండా ఆఫీసుల చుట్టూ తిరిగితే టైమూ డబ్బూ రెండూ వృథా.

కోస్తా, రాయలసీమ మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేవి. అక్కడ ఇంటి చరిత్ర కోసం నేను ముందుగా చెప్పేది ఐఎఫ్‌ఆర్, అంటే ఇనాం ఫెయిర్ రిజిస్టర్. 1858లో మొదలైన ఇనాం కమిషన్ ఊరూరా ఉన్న మాన్యాలన్నిటినీ విచారించి రాయించిన పుస్తకాలివి. చాలావరకు 1860ల నాటి నమోదులు. ఒక పేజీ తెరిచి చూస్తే అడ్డంగా గళ్లు ఉంటాయి. మాన్యం దేనికోసం (గుడిలో దీపారాధన, వేదవృత్తి, చెరువు కాపలా, ఊరి చాకిరీ), ఎంత భూమి, ఎవరిచ్చారు, మొదట పుచ్చుకున్నదెవరు, ఫస్లీ (రెవెన్యూ సంవత్సరం) 1209 లెక్కలో ఎవరి పేరు ఉంది, ఇప్పుడు అనుభవిస్తున్నదెవరు, వాళ్ల వయసెంత, మొదటివాడికి ఏమవుతారు. ఆ చివరి గడిలో వయసు పక్కన "ఫలానావాడి మనుమడు" అని ఉందంటే ఒక్క వరసలో మీకు అరవై డెబ్బై ఏళ్లు దొరికినట్టే. ఫస్లీకి 590 కలిపితే క్రీస్తుశకం వస్తుంది, కాబట్టి 1209 అంటే 1799-1800.

ఇనాం అనగానే బ్రాహ్మణ అగ్రహారాలే గుర్తొస్తాయి. కానీ మంగలి, చాకలి, కుమ్మరి, తలారి, వెట్టి, నీరుకట్టు పనివాళ్లకు కూడా సేవా మాన్యాలు ఉండేవి, అవీ ఇందులో ఎక్కాయి. పట్టా లేని కుటుంబాలకు ఇంత పాత రాతపూర్వక ఆధారం వేరే చోట దొరకడం కష్టం. మాకేం ఉంటుందిలే అని ఎవరూ చూడకుండా వదిలేయవద్దు.

ఐఎఫ్‌ఆర్ కాకపోతే రైత్వారీ ఊళ్లకు (రైతే నేరుగా ప్రభుత్వానికి శిస్తు కట్టినవి) ఆర్‌ఎస్‌ఆర్ అనే రీసెటిల్‌మెంట్ రిజిస్టర్, రెండు భాషల్లో ఉండే డైగ్లాట్ రిజిస్టర్, పాత అడంగళ్లు ఉంటాయి. జమీందారీ ఊళ్లయితే 1948 నాటి ఎస్టేట్ల రద్దు చట్టం తర్వాత జరిగిన సెటిల్‌మెంట్ రికార్డు చూడాలి. నకళ్ల కోసం తాసిల్దార్ ఆఫీసులో, కలెక్టరేట్ రికార్డు రూములో దరఖాస్తు పెట్టుకోవాలి. సర్వే నంబరు తెలిస్తే పని సులువు. తెలియకపోతే గుమస్తా మీ ముఖం చూసి రేపు రమ్మంటాడు. లేదంటే సమాచార హక్కు కింద అడగవచ్చు.

తెలంగాణలో కథ వేరు. ముందుగా మీ ఊరు ఒకప్పుడు దివానీదా (నేరుగా ప్రభుత్వానిది), జాగీరా (జాగీర్దారుకు ఇచ్చింది), సర్ఫెఖాసా (నిజాం సొంతం) అన్నది తేల్చుకోవాలి. ఎక్కడ వెతకాలన్నది దాన్నిబట్టే ఉంటుంది. సర్వే జరిగినప్పుడు తయారైన సేత్వార్ మూల పత్రం. ఆ తర్వాత అందరూ వెతికేది 1954-55 ఖాస్రా పహాణీ. పట్టాదారు పేరుతోపాటు భూమి ఎవరి స్వాధీనంలో ఉందో కూడా రాసి ఉంటుంది కాబట్టి, దున్నుకుంటూ పట్టా లేనివాళ్లు కూడా కనిపించవచ్చు. దాని తర్వాత వచ్చింది చేసాల పహాణీ. శిస్తు వసూళ్ల లెక్కైన వసూల్ బాకీ కూడా చూడాలి. పాతవి ఉర్దూలో ఉంటాయి. చదివి పెట్టే పెద్దమనిషి పాతబస్తీలోనే కాదు, జిల్లా కేంద్రాల్లో డాక్యుమెంట్ రైటర్ల దగ్గర కూడా దొరుకుతాడు, పేజీకి ఇంతని తీసుకుంటాడు. ఇంకా వెనక్కి వెళ్లాలంటే తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్ ఉంది. షాజహాన్, ఔరంగజేబుల కాలపు ఫార్సీ కాగితాలు కూడా అక్కడున్నాయి. అయితే పరిశోధకులకు అది బంగారు గని గానీ, తాత పేరు వెతుక్కునేవాళ్లకు చివరి మెట్టు.

రెండుచోట్లా ఆన్‌లైన్ పోర్టళ్లను నమ్ముకుని కూర్చోకండి. మీభూమి, భూభారతి ఇప్పటి హక్కుదారుల కోసం పెట్టినవి. ఈసీ (ఆస్తి లావాదేవీలు చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) కూడా కంప్యూటర్లో 1983 నుంచే వస్తుంది. అంతకు ముందుది కావాలంటే సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో పాత పుస్తకాలు తీయించాలి. ఆ శ్రమకు ఫలితం ఉంటుంది. పాత క్రయదస్తావేజులో "ఫలానావారి కుమారులు, ఫలానా ఊరి కాపురస్తులు, వ్యవసాయం" అని వరసగా ఉంటుంది, సరిహద్దుల్లో పక్క పొలాలవాళ్ల పేర్లు కూడా వస్తాయి.

ఎవరూ చెప్పని ఒక చిట్కా: మీ కుటుంబంలో ఎప్పుడైనా పార్టిషన్ దావా నడిచిందేమో కనుక్కోండి. ఆస్తి పంపకాల కేసులో దావా కాగితానికి వంశవృక్షం జతచేస్తారు. ప్రతివాది దాన్ని కాదంటే ఇంకో వంశవృక్షం వేస్తాడు. కోర్టు రెంటినీ జల్లెడ పట్టి ఒకటి ఖాయం చేస్తుంది. అన్నదమ్ములు పోట్లాడుకున్న ఇళ్ల చరిత్ర, కలిసిమెలిసి బతికిన ఇళ్ల చరిత్ర కంటే ఎక్కువ భద్రంగా ఉంటుంది. ఏం చేస్తాం, మన కుటుంబాలు అంతే.

భూమి లేని కుటుంబాలకు బడి అడ్మిషన్ రిజిస్టరు, చర్చి బాప్తిస్మం రిజిస్టరు ముఖ్యం. గుంటూరులో లూథరన్ మిషన్ 1842లోనే మొదలైంది. 1878 జూలై 3న ఒంగోలు దగ్గర వేలంపల్లిలో, గుండ్లకమ్మ నీళ్లలో, బాప్టిస్టు మిషన్ వాళ్లు ఒక్కరోజే 2,222 మందికి బాప్తిస్మం ఇచ్చారు. వాళ్లలో చాలామంది మాదిగ పల్లెలవాళ్లు. ఆ కాలంలో ప్రభుత్వ రికార్డు పట్టించుకోని మనుషుల పేర్లను మిషన్ వాళ్లు రాసుకున్నారు. ఒంగోలు, నెల్లూరు, గుంటూరు వైపు క్రైస్తవ కుటుంబాలు భూమి రికార్డుల కంటే ముందు ఇక్కడ చూడాలి. జనన మరణాల రిజిస్టరు మీద పెద్ద ఆశ పెట్టుకోకండి. ఇప్పటి చట్టం 1969ది, పల్లెల్లో పాత నమోదులు అతుకుల బొంతలా ఉంటాయి.

కాగితాల్లో ఇంకో రకం కైఫీయతులు. ఇవి ఇంటికంటే ఊరికి పనికొస్తాయి. కల్నల్ కాలిన్ మెకంజీ (1754–1821) దగ్గర పనిచేసిన కావలి బొర్రయ్య, లక్ష్మయ్య, రామస్వామి అన్నదమ్ములు, వాళ్ల మనుషులు కరణాల దగ్గరున్న దండకవిలెలు (ఊరి పాత లెక్కల కట్టలు) చూసి, పెద్దలను అడిగి రాయించిన ఊరి చరిత్రలు. చీకిపోతున్న ప్రతులకు తర్వాత సి.పి. బ్రౌన్ నకళ్లు రాయించాడు. మద్రాసు ప్రాచ్యలిఖిత భాండాగారంలో ఇవి లోకల్ రికార్డ్స్ పేరుతో ఉన్నాయి. కడప జిల్లావి కడపలోని బ్రౌన్ కేంద్రం అచ్చువేసింది. నిజాం ఇలాకా ఊళ్లకు తక్కువ. మీ ఊరికి కైఫీయతు ఉంటే చెరువులు, తోపులు, గుళ్లు, దేవుడి మాన్యాలు, మిరాశీదారులు అన్నీ ఒకచోట దొరుకుతాయి.

కానీ తారీఖుల్ని కళ్లు మూసుకుని నమ్మొద్దు. గుంటూరు ప్రాంతపు కైఫీయతుల్లో చాలాచోట్ల ఒకే వాక్యం కనిపిస్తుంది: గణపతి మహారాజు ప్రధాని గోపరాజు రామన్న శాలివాహన శకం 1067 రక్తాక్షి భాద్రపద బహుళ అమావాస్యనాడు, సూర్యగ్రహణ పుణ్యకాలంలో గ్రామ మిరాశీలు నిర్ణయించాడని. ఆ లెక్క 1144-45కు వస్తుంది. కాకతీయ గణపతిదేవుడు గద్దెనెక్కింది 1199లో. కరణాలు తమ మిరాశీకి పాతదనం చూపించుకోవడానికి ఒకరి నుంచి ఒకరు ఎత్తి రాసుకున్న మాట అది. అలాగని మొత్తం కొట్టిపారేయకూడదు. రాయించినవాడి తాత కాలం దాకా, అంటే 1700 నుంచి ఇటు చెప్పినవి చాలావరకు నమ్మవచ్చు. ఆ వెనక ముక్కంటి మహారాజు దాకా పోయే భాగం కథ.

ఈ దారిలో అసలు కష్టం చదవడం. కరణాల గొలుసుకట్టు రాత అలవాటు లేనివాళ్లకు తెలుగులా కనిపించదు. కుచ్చెల, పుట్టి, తూము, వీసం, పరక లాంటి పాత కొలతల లెక్కలు తెలియాలి. 1984లో కరణాల వ్యవస్థ రద్దయ్యాక ఆ రాత చదవగలిగినవాళ్లు ఏటికేడు తగ్గిపోతున్నారు. మీ ఊళ్లో పాత కరణంగారి అబ్బాయి ఎవరైనా ఉంటే పరిచయం పెంచుకోండి.

రాయీ మట్టీ

ఊరి వయసు తెలుసుకోవాలంటే ఇంతకు మించిన సాక్ష్యం లేదు. ఇంటి గురించి మాత్రం ఇది దాదాపు ఏమీ చెప్పదు. ఆ తేడా ఒప్పుకుంటేనే ఇటు రండి.

గుడి ముందు పాతిన శాసనం రాయిని దగ్గరగా చూడండి. పైన సూర్యచంద్రులు, మధ్యలో లింగమో నందో ఉంటుంది. "స్వస్తిశ్రీ శకవర్షంబులు" అని మొదలై సంవత్సరం వస్తుంది, దానికి 78 కలుపుకోండి. 11, 12 శతాబ్దాల కోస్తా శాసనాల్లో తరచూ కనిపించేది అఖండ దీపానికి గొర్రెల దానం. ఎవరో పుణ్యం కోసం గుడికి గొర్రెలనిస్తారు, వాటిని ఒక బోయడికి అప్పగిస్తారు. "వీనిం జేకొని" (వీటిని తీసుకుని) ఆ బోయడు పుత్రపౌత్రికంగా, ఆచంద్రార్కంగా నిత్యం మానెడు నెయ్యి పోయాలి. చాళుక్య చోళుల పేర్లు అందరికీ తెలుసు. కానీ ఆ రాయి మీద ఒక మామూలు గొర్రెలకాపరి పేరు కూడా తొమ్మిది వందల ఏళ్లుగా ఉంది. చివర "స్వదత్తాం పరదత్తాం వా" శ్లోకం, దానం కాజేసినవాడు అరవై వేల ఏళ్లు పురుగై పుడతాడని. ఈ మూస పట్టుబడితే లిపి పూర్తిగా రాకపోయినా ఏ భాగంలో ఏముందో ఊహించవచ్చు.

అయితే చదవడానికి కుస్తీ పట్టేముందు, ఎవరైనా చదివేశారేమో చూడండి. సౌత్ ఇండియన్ ఇన్‌స్క్రిప్షన్స్ సంపుటాల్లో నాలుగు, ఐదు, పది (పదోది 1948లో వచ్చింది, మొత్తం తెలుగు శాసనాలే) కోస్తా, సీమ ఊళ్లకు మొదట చూడాల్సినవి. ఉమ్మడి రాష్ట్ర పురావస్తు శాఖ వరంగల్, కరీంనగర్, కడప, నల్లగొండ లాంటి జిల్లాలకు విడిగా సంపుటాలు వేసింది. వీటిలో చాలా వరకు నెట్‌లో ఉచితంగా దొరుకుతాయి. మీ ఊరి పేరు సూచికలో ఉంటే పాఠం, తేదీ, రాజు పేరు చేతికొచ్చినట్టే. లేకపోతే అప్పుడు ఫోటో పని. సాయంత్రం చీకటిపడ్డాక టార్చ్‌లైట్‌ను రాయికి పక్కనుంచి, దాదాపు ఆనించి వేసి తీయండి, అక్షరాలు లేచి కనిపిస్తాయి. సుద్దముక్కతో గీయడం, నూనె పూయడం, పసుపు రాయడం వద్దు. ఆ ఫోటోలు మైసూరులోని కేంద్ర పురావస్తు సర్వేక్షణ శాసన విభాగానికో, రాష్ట్ర పురావస్తు శాఖకో పంపవచ్చు. అచ్చుతీయడం (తడి కాగితం పరిచి, బ్రష్‌తో కొట్టి, మసి అద్దడం) నేర్చుకున్నవాళ్లే చేయాలి.

మట్టి సంగతి ఇంకా సున్నితం. పాటిదిబ్బ (పాత ఊరు ఉన్న చోటి మట్టిదిబ్బ) మీద వానపడ్డాక పెంకులు, పూసలు పైకి తేలుతాయి. చూడండి, ఉన్నచోటే ఫోటో తీయండి, స్థలం గుర్తుపెట్టుకోండి, తవ్వకండి. లైసెన్సు లేకుండా తవ్వడం నేరం. 1878 నాటి నిక్షేపాల చట్టం ప్రకారం భూమిలో దాగి ఉన్న, పది రూపాయల విలువ దాటిన ఏ వస్తువు దొరికినా కలెక్టర్‌కు చెప్పాలి. గుప్తనిధుల పిచ్చి మన పల్లెల్లో ఎంత ఉందో తెలిసిందే. మీరు కెమెరా పట్టుకుని దిబ్బ చుట్టూ తిరిగితే రాత్రికి పార పట్టుకుని ఎవరో వస్తారు. అందుకే స్థలం వివరాలు వాట్సాప్ గ్రూపుల్లో పెట్టకండి.

తెలంగాణలో నిలువురాళ్లు, రాకాసి గుళ్లు ఉన్న ఊళ్లు చాలా. నారాయణపేట జిల్లా ముడుమాల్ నిలువురాళ్లు 2025లో యునెస్కో తాత్కాలిక జాబితాలో చేరాయి. ములుగు జిల్లా దామరవాయిలో డోల్మెన్లు (బండలు నిలబెట్టి కట్టిన సమాధులు) ఉన్నాయి. మీ పొలంలో అలాంటివి ఉన్నాయంటే ఇనుప యుగంలోనే అక్కడ మనుషులున్నారన్నమాట. వాళ్లు మీ పూర్వీకులేనా? ఎవరూ చెప్పలేరు, చెప్పానన్నవాడిని నమ్మకండి.

ఎవరికి ఏది

ఉద్యోగం చేసుకుంటూ సెలవుల్లో మాత్రమే ఊరెళ్లేవాళ్లు పెద్దవాళ్ల రికార్డింగు, ఇంట్లో ఇనప్పెట్టెలోని దస్తావేజుల ఫోటోలు, ఈ రెండింటితో ఆగిపోయినా నష్టం లేదు. అంతటితోనే ఎనభై శాతం పని అయిపోతుంది. రిటైరై తీరికున్నవాళ్లకు కాగితాల దారి బాగుంటుంది, ఆఫీసుకు పదిసార్లు తిరిగే ఓపిక ఉండాలి. టీచర్లు, కాలేజీ పిల్లలు కలిసి ఊరి మీద పనిచేయాలనుకుంటే శాసనాల దారి ఎంచుకోండి. ఫలితం అందరికీ చూపించొచ్చు, ఎవరి కుటుంబ గొడవల్లోనూ తలదూర్చక్కర్లేదు. కాగితాల దారిలో ఆ ఇబ్బంది ఉంది. పాత ఇనాం కాగితం బయటికి తీస్తే "ఇప్పుడెందుకు, పొలం మీద కేసు వేస్తారా?" అని పక్కవాళ్లకు టెన్షన్ మొదలవుతుంది. ఎందుకు చూస్తున్నారో ముందే చెప్పేయండి.

విదేశాల్లో ఉన్న తెలుగువాళ్లకు వరస తలకిందులవుతుంది. ఒకప్పుడు కూలీలుగా వెళ్లినవాళ్ల సంతతికి ఇంట్లో జ్ఞాపకం చాలాసార్లు తెగిపోయి ఉంటుంది, ఆ లోటును కాగితం తీరుస్తుంది. మద్రాసు నుంచి మొదటి ఓడ డర్బన్ చేరింది 1860 నవంబర్ 16న, ఫిజీకి మద్రాసు ఓడలు 1903 నుంచి వెళ్లాయి. ఓడ జాబితాల్లో, వలస పాసుల్లో పేరు, తండ్రి పేరు, వయసు, కులం, జిల్లా, తాలూకా, ఊరు ఉంటాయి. మారిషస్ వాళ్లకు మోకాలోని మహాత్మా గాంధీ ఇన్‌స్టిట్యూట్‌లో ఆ రికార్డులున్నాయి. చిక్కల్లా ఊరి పేరు దగ్గరే. ఇంగ్లీషు గుమస్తా చెవికి వినిపించినట్టు రాశాడు. దాన్ని తెలుగులో బిగ్గరగా పలికి చూడండి, రెండు మూడు ఊళ్లు తడతాయి. విజగపట్టం జిల్లా అని ఉంటే ఇప్పటి విశాఖ ఒక్కటే కాదు, అనకాపల్లి, విజయనగరం, మన్యం, ఒడిశాలోని కోరాపుట్ వైపు కూడా వెతకాలి. 2016లో తెలంగాణలో, 2022లో ఆంధ్రలో జిల్లాలు చీలాయి కాబట్టి తాలూకా పేరుతో వెతకడం మేలు. ఇంకో జాగ్రత్త: చారిత్రక విలువ ఉండి 75 ఏళ్లు దాటిన తాటాకు కట్టలు, రాతప్రతులు చట్టం దృష్టిలో పురావస్తువులు. ఊరొచ్చి తాతగారి తాటాకులు సూట్‌కేసులో పెట్టుకుని వెళ్లిపోకండి, ఫోటోలు తీసుకోండి.

మిగిలిన మినహాయింపు గుడి జీర్ణోద్ధరణ జరుగుతున్న ఊరు, ప్రాజెక్టు కింద మునగబోతున్న ఊరు. నాగార్జునకొండ లోయలో నీళ్లు రాకముందు 1954 నుంచి 1960 దాకా తవ్వి తీయగలిగినంత తీశారు, ప్రతి ఊరికీ అలాంటి ఏర్పాటు ఉండదు. మీ ఊళ్లో గుడికి టైల్స్ వేస్తున్నారని, స్తంభాలకు ఇసుక కొట్టి పాలిష్ చేస్తున్నారని తెలిస్తే వంశవృక్షం, ఐఎఫ్‌ఆర్ అన్నీ పక్కన పెట్టి ఆ వారమే వెళ్లండి. రాళ్లన్నిటినీ నాలుగు వైపులా ఫోటో తీసి, ఏది ఎక్కడుందో చేత్తో ఒక పటం గీసి, ధర్మకర్తలకు ఒక కాపీ, జిల్లా పురావస్తు అధికారికి ఒక కాపీ ఇవ్వండి. మేస్త్రీతో కూడా మాట్లాడండి. ఏ రాయి మెట్టుగా వేయాలో, ఏది గోడలో పెట్టాలో నిర్ణయించేది చాలాచోట్ల ఆయనే.